అల్మారీ మోసుకొచ్చిన ఇద్దరు

సమందర్ లోంచి ఇద్దరు మనుషులు నడుచుకుంటూ బయటికొస్తారు. ఒంటి మీద బట్టలన్నీ ఉన్నాయి. ఇద్దరూ చెరోపక్క పట్టుకుని ఒక పెద్ద చెక్క అల్మారీ మోసుకొస్తుంటారు. దాని తలుపుకి నిలువెత్తు ఆయినా. సముద్రం అడుగున అల్మారీతో వీళ్లకేం పని, ఎవరి అల్మారీ, ఎక్కడికి తీసుకెళ్తున్నారు, ఏదీ చెప్పరు. ఇసుకలో దాన్ని దించి, ఒళ్లు విరుచుకుని, కాసేపు పిల్లల్లా గెంతుతారు. మళ్లీ ఎత్తుకుని ఊళ్లోకి బయల్దేరతారు.

"అరె, ఇదేం పాగల్‌పన్ భాయ్" అనిపిస్తే తప్పేం లేదు. నాకూ మొదటి రెండు నిమిషాలు అలాగే అనిపించింది. మిగిలిన పదమూడు నిమిషాలు మాత్రం నోట మాట రాలేదు.

ఇది పోలెండ్ వాళ్ల చిన్న సినిమా. 1958లో తీశారు. ఇంగ్లీషులో దీన్ని 'టూ మెన్ అండ్ ఎ వార్డ్‌రోబ్' అంటారు. మన భాషలో ఇద్దరు మనుషులూ ఒక అల్మారీ, అంతే. మొత్తం పావుగంట. తెలుపు నలుపు. ఒక్క డైలాగ్ లేదు. మాటలే లేవు గనక ఉర్దూ వాళ్లూ తెలుగు వాళ్లూ, చదువుకున్న మనవరాలూ సంతకం రాని నానీమా ఒకే వరసలో కూర్చుని చూడొచ్చు, ఎవరూ ఎవరికీ తర్జుమా చేయనక్కర్లేదు. మన ఇళ్లల్లో ఇలాంటివి ఎన్ని దొరుకుతాయి చెప్పండి?

తీసినవాడు రోమన్ పొలాన్‌స్కీ. అప్పటికి పాతికేళ్లవాడు, వూచ్ అనే ఊళ్లో ఉన్న ఫిల్మ్ స్కూల్లో తాలిబ్-ఎ-ఇల్మ్. క్లాసు పని కింద తీసిన సినిమా ఇది. బాల్టిక్ సముద్రం ఒడ్డున సోపోట్ అనే ఊరుంది, ఆ బీచ్‌లో, ఆ చుట్టుపక్కల వీధుల్లో తీశారు. అల్మారీ మోసిన ఇద్దరూ పెద్ద స్టార్లేం కాదు. ఒకాయన హెన్రిక్ క్లూబా, తర్వాతి రోజుల్లో అదే స్కూలుకి అధిపతి అయ్యాడు. రెండో ఆయన యాకుబ్ గోల్డ్‌బెర్గ్. అవును, మన యాఖూబే. పేర్లు మనుషులకన్నా ముందే సరిహద్దులు దాటుతాయి.

ఇక కథ. కథ అనొచ్చో లేదో గాని, జరిగేది చెప్తాను.

ఊళ్లోకి వచ్చిన ఇద్దరూ ట్రామ్ ఎక్కబోతారు. లోపలున్న జనం ఎక్కనివ్వరు. అల్మారీతో ఎలా ఎక్కుతారయ్యా? న్యాయమే కదా. ఒక అమ్మాయి కనిపిస్తే నవ్వుతూ పలకరించబోతారు. ఆమె చూసి మొహం తిప్పుకుని వెళ్లిపోతుంది. హోటల్‌కి తినడానికి వెళ్తారు, బయటికి సాగనంపుతారు. రాత్రి బసకి గది అడిగితే అక్కడా అదే జవాబు. ఎవరూ అరవరు, తిట్టరు. చాలామంది ఎంతో తమీజ్‌గా కాదంటారు. మాకేం ఎతరాజ్ లేదు గాని, ఈ అల్మారీ...

ఇక్కడ ఆగి ఒక మాట చెప్పాలి. ఇది చదివేవాళ్లలో షహర్‌లో కిరాయి ఇల్లు వెతికిన ప్రతి ఒక్కరికీ ఆ "గాని" తెలుసు. ఫోన్‌లో అంతా బాగానే ఉంటుంది. రెండు పడగ్గదులు, మంజీరా నీళ్లు, స్కూలు దగ్గర, అడ్వాన్సు రెండు నెలలు. "మీ పేరు?" అని అడుగుతారు. పేరు చెప్పాక అవతల చిన్న ఖామోషీ. "మా ఆవిడ్ని అడిగి చెప్తాను." ఆ ఆవిడ జవాబు ఎప్పటికీ రాదు. మా బంధువుల్లో ఒక కుర్రాడు కంపెనీలో మంచి జీతం మీద ఉన్నాడు. పదకొండు ఇళ్లు చూశాక అతని తోటి ఉద్యోగి ఒకాయన ప్యార్‌సే సలహా ఇచ్చాడట: "మొదట నీ షార్ట్ నేమ్ చెప్పు. అగ్రిమెంట్ నాటికి మిగతాది చూసుకుందాం." ఆయన చెడ్డవాడు కాదు. నిజంగా మేలు కోరే అన్నాడు. అల్మారీని మలుపు దగ్గర దాచిపెట్టి ట్రామ్ ఎక్కు, తర్వాత వచ్చి తీసుకెళ్దువుగాని అన్నాడంతే.

సినిమాలో ఆ ఇద్దరికీ ఆ అవకాశం ఎప్పుడూ ఉంది. ఎవరూ వాళ్లని సంకెళ్లతో అల్మారీకి కట్టేయలేదు. ఏ గోడ పక్కనో వదిలేసి చేతులు దులుపుకుంటే ట్రామ్ ఎక్కొచ్చు, కూర్చుని భోంచేయొచ్చు, ఆ అమ్మాయితో మాట్లాడొచ్చు. ఆ మాట వాళ్లకి తట్టనైనా తట్టినట్టు కనిపించదు. పొలాన్‌స్కీ దీన్ని పెద్ద త్యాగంలా చూపించడు, మ్యూజిక్ పెంచి కళ్లు తడిపించడు. పొద్దున్న చెప్పులు వేసుకున్నంత మామూలుగా ఎత్తుకుని నడుస్తారు. నాకు ఈ సినిమాలో అన్నిటికన్నా నచ్చింది ఇదే. మజ్లూమ్ అనగానే ఏడుపు మొహం పెట్టాలని మన కవిత్వం, మన సినిమాలు, మన జల్సాల్లో తఖ్‌రీర్లు చేసే హజ్రత్‌లు కూడా మనకు నేర్పారు. వీళ్లకి ఆ మొహం లేదు. హోటల్లోంచి గెంటేస్తే బయట ఎక్కడో అల్మారీని పడుకోబెట్టి, దాన్నే దస్తర్‌ఖాన్ చేసుకుని చేప తింటారు. అద్దంలో ఆకాశం కనిపిస్తూ ఉంటుంది. ఆ ఆకాశం మీద, మబ్బుల మధ్యలో, చేప! సర్రియలిజం అంటే ఏమిటని మా డిగ్రీ కాలేజీలో సార్ రెండు క్లాసులు చెప్పారు, పరీక్షకి సరిపడా రాశాను. ఆ ఒక్క షాట్ చూశాక అదేమిటో అర్థమైంది.

ఈ నడక వెనకే ఊళ్లో వేరే పనులు జరుగుతుంటాయి. ఒకడు ఇంకొకడిని దోస్తులా కౌగిలించుకుంటూనే జేబు కొట్టేస్తుంటాడు. కొందరు కుర్రాళ్లు చిన్న పిల్లికూనని రాళ్లతో కొట్టి చంపుతారు. వాగు పక్కన ఒక మనిషి మరో మనిషిని రాయితో మోదుతుంటాడు. కెమెరా వీటి దగ్గర ఆగి వ్యాఖ్యానం చేయదు. అలా పక్కనుంచి చూసుకుంటూ పోతుంది, బస్సు కిటికీలోంచి చూసినట్టు. వీళ్లెవరినీ ఎవరూ ట్రామ్ దించరు. జేబుదొంగ చేతిలో అల్మారీ లేదు కదా, అతనికి అన్ని హోటళ్లూ తెరిచే ఉంటాయి.

పిల్లికూన దగ్గర నా మనసు ఆగిపోయింది. పిల్లిని కట్టేసి ఆకలితో చంపినందుకు శిక్ష పడిన ఆడమనిషి గురించిన హదీసు మనలో చిన్నప్పుడు విననివాళ్లు ఉండరు. మదర్సాలో చెప్పినప్పుడు "ఒక్క పిల్లికే అంత సజానా?" అని మేం పిల్లలం గుసగుసలాడుకునేవాళ్లం. ఈ సినిమాలో ఆ కుర్రాళ్లు పిల్లి తర్వాత ఎవరి దగ్గరికి వెళ్తారో చూస్తే ఆ హిసాబ్ అర్థమవుతుంది. ఒంటరిగా ఉన్న ఒక అమ్మాయి వెనకగా నక్కి నక్కి వస్తారు. అప్పుడే మన ఇద్దరూ అల్మారీ మోసుకుంటూ అటుగా వస్తారు. ఆ అమ్మాయి అద్దంలోకి చూస్తుంది. తన వెనక ఉన్న మొహాలు అందులో కనిపిస్తాయి. తప్పించుకుంటుంది.

వేట చెడినందుకు కుర్రాళ్లు కోపంతో ఆ ఇద్దరినీ చావబాదుతారు. అద్దం పగలగొడతారు.

ఈ సినిమా మీద రాసినవాళ్లలో ఎక్కువమంది చెప్పేది ఇది: అల్మారీ అంటే వేరుగా ఉండడం. అల్పసంఖ్యాకులు, వలస వచ్చినవాళ్లు, లోకం పోకడకి లొంగని కళాకారులు, అలాంటివాళ్లు మోసే బరువు. సమాజం ఆ బరువుని చూసి మనిషిని కాదంటుంది. నిజమే. కాకపోతే అంతటితో ఆపేస్తే సినిమా సగమే చూసినట్టు. బరువు అనుకున్న దాని తలుపుకే అద్దం ఉంది. ఆ ఊళ్లో వెనక జరుగుతున్నది చూపించగలిగిన వస్తువు అదొక్కటే. అల్మారీని మలుపులో వదిలేసి వచ్చి ఉంటే ఇద్దరూ హాయిగా ట్రామ్ ఎక్కేవాళ్లు. ఆ పిల్ల సంగతి మాత్రం వేరేలా ఉండేది.

మోమిన్‌నీ ఆయినానీ కలిపి చెప్పే హదీసు మన జుమ్మా ఖుత్బాల్లో తరచూ వింటుంటాం. సాధారణంగా దాన్ని ఒకరి తప్పులు ఒకరు ప్రేమగా చెప్పుకోవడం అనే అర్థంలో వాడతారు. నేను ఇంకో చిన్న సంగతి కలుపుతాను. అద్దానికి తన సొంత కష్టం చెప్పుకునే జబాన్ ఉండదు. ఎదురుగా ఉన్నది చూపిస్తుంది, అంతే. బహుశా అందుకే ముందుగా దాన్నే పగలగొడతారు.

ఇప్పుడు ఆ సినిమా పుట్టిన నేల గురించి కొంచెం. పొలాన్‌స్కీ 1933లో పారిస్‌లో పుట్టాడు. అతనికి మూడు నాలుగేళ్లప్పుడు కుటుంబం పోలెండ్‌లోని క్రాకోవ్‌కి తిరిగొచ్చింది. యహూదీ కుటుంబం. నాజీలు వచ్చి వాళ్లని గెటోలో పెట్టారు. తల్లిని ఆష్‌విట్జ్‌లో చంపేశారు. తండ్రి మౌత్‌హాజెన్ క్యాంపు నుంచి ప్రాణాలతో బయటపడ్డాడు. పిల్లవాడు గెటో నుంచి తప్పించుకుని, ఎవరో ఏమిటో దాచుకుని, కాథలిక్ కుటుంబాల మధ్య యుద్ధం అయ్యేవరకు గడిపాడు. అంటే అల్మారీని దాచిపెట్టి బతకడం అంటే ఏమిటో అతనికి పుస్తకాల ద్వారా తెలిసింది కాదు. సినిమాలో ఆ ఇద్దరూ దాన్ని ఒక్కసారి కూడా దాచకపోవడానికి ఇదే కారణమని తేల్చి చెప్పలేను గాని, ఆ సంగతి తెలిశాక రెండోసారి చూస్తే అలా అనుకోకుండా ఉండలేం.

యహూదీ అనగానే ఇవాళ మన ఇళ్లల్లో చాలామందికి గాజా గుర్తొస్తుంది, గుండె రాయవుతుంది. ఆ దుఃఖం నాదీ. ఒక హుకూమత్ చేసే జుల్మ్‌ని చూపించి, ఎనిమిది దశాబ్దాల కింద గెటోలో తల్లిని పోగొట్టుకున్న పిల్లవాడి కష్టాన్ని కొట్టిపారేయడం ఇన్సాఫ్ కాదు. ఎవరో ఎక్కడో చేసిన దానికి మన పిల్లల్ని స్కూల్లో జవాబడిగితే మనకెంత మంటో గుర్తు చేసుకుంటే చాలు.

సినిమా తీసినప్పుడు పోలెండ్ కమ్యూనిస్టు రాజ్యం. స్టాలిన్ పోయి ఐదేళ్లు. 1956 అక్టోబర్‌లో గొముల్కా అధికారంలోకి తిరిగొచ్చాక గాలి కాస్త ఆడింది. అంతకుముందు సినిమా అంటే నవ్వుతూ పనిచేసే కార్మికులు, పొగలు కక్కే ఫ్యాక్టరీలు. జాజ్ సంగీతం మీద కూడా అనుమానపు చూపే. ఈ సినిమాకి సంగీతం ఇచ్చిన క్షిష్తోఫ్ కొమెదా అసలు పేరు త్ష్చిన్‌స్కీ. చదివింది డాక్టరీ. జాజ్ వాయిస్తున్న సంగతి ఆసుపత్రిలో తెలియకూడదని ఆ మారుపేరు పెట్టుకున్నాడు. పేరు దాచుకునే సలహా ఒక్క మన కుర్రాళ్లకే అనుకున్నాను, ఇక్కడా ఉంది చూడండి! అతను సినిమాకి సంగీతం ఇవ్వడం ఇదే మొదలు. మాటలు లేని ఈ పావుగంటలో ఆ ఇద్దరి తరఫున మాట్లాడేది అతని సంగీతమే.

ఇంకోటి గమనించాలి. ఆ ఇద్దరినీ తోసేసేవాళ్లలో మంత్రి లేడు, పార్టీ నాయకుడు లేడు. ప్రయాణికులు, హోటల్ వాళ్లు, వీధి కుర్రాళ్లు, పీపాలు పేర్చిన యార్డులో కాసేపు నడుం వాల్చితే కర్రతో తరిమే కాపలాదారు. అందరూ మామూలు మనుషులే. సినిమా వచ్చిన పదేళ్లకి, 1968లో, అదే దేశంలో సర్కారు యహూదీల మీద విషప్రచారం మొదలుపెట్టింది. గోరకలి దాటి మిగిలినవాళ్లలోంచి సుమారు 13 వేల మంది దేశం వదిలిపోవాల్సి వచ్చింది. హుకుం పైనుంచి వచ్చింది, కరెక్టే. కాని ట్రామ్‌లో చోటు లేదనడం జనానికి ముందే అలవాటై ఉంటే పైవాళ్ల పని సులువవుతుంది. ఈ కుర్ర డైరెక్టర్ జనం దగ్గరే కెమెరా పెట్టడం నాకు తెలివైన పనిగా కనిపిస్తుంది.

మన చదువరులకు ఇష్టమైన సంగతి ఒకటి చెప్పి ముందుకెళ్తాను. పోలెండ్‌లో ముసల్మాన్లు ఉన్నారు, నిన్నమొన్న వెళ్లినవాళ్లు కాదు. తాతారులు. ఆరు వందల ఏళ్లకు పైగా ఆ ప్రాంతాల్లో ఉన్నారు. 1679లో రాజు యాన్ సోబియెస్కీ వాళ్ల సిపాయిలకు జాగీర్లిచ్చాడు. క్రుషినియానీ, బొహొనికీ అనే రెండు పల్లెల్లో చెక్కతో కట్టిన మసీదులు ఇప్పటికీ నిలబడి ఉన్నాయి. సినిమా తీసిన సోపోట్ పక్కనే ఉన్న గ్దాన్‌స్క్‌లో కూడా వాళ్లున్నారు. యుద్ధం తర్వాత సరిహద్దులు మారితే తూర్పు నుంచి తరలివచ్చినవాళ్లు. అక్కడ వాళ్ల మసీదు 1990లో పూర్తయింది. వీళ్ల పాత తుర్కీ భాష ఎప్పుడో పోయింది. ఇంట్లో బెలారుసీ, పోలిష్. ఆ భాషల్నే అరబీ లిపిలో రాసుకుని దీనీ పుస్తకాలు చేసుకున్నారు. వాటి పేరు ఏమిటనుకున్నారు? 'కితాబ్'.

ఆ తాతారుల సంగతి చదువుతుంటే నాకు మన దూదేకుల, నూర్‌బాషా కుటుంబాలు గుర్తొచ్చాయి. ఇంట్లో తెలుగు, నమాజులో అరబీ. ఉర్దూ రాదు. ఎంతమంది "అస్లీ ముసల్మాన్లు" వాళ్లని చూసి నవ్వారు? పిల్లనివ్వడానికి, పిల్లని చేసుకోవడానికి ఎంతమంది "గాని" అన్నారు? ఉర్దూ మీడియంలో చదివిన నేను తెలుగు డిగ్రీలో చేరినప్పుడు మా మొహల్లాలో కొందరు "వాళ్ల జబాన్ చదివి ఏం చేస్తావ్" అన్నారు. కాలేజీలో వేరే వాళ్లు "అబ్బా, మీవాళ్లలో ఇంత మంచి తెలుగా!" అన్నారు. రెండూ ఒకే ట్రామ్ మెట్టు మీద నిలబడి అన్న మాటలే. నాకు జరిగింది చిన్నది. కూలీకి పోయే దూదేకుల ఇంటి పిల్లకి జరిగేది దీనికి పదింతలు.

అందుకే అంటున్నాను, ఈ సినిమాని చూసి "అదుగో, మనమే ఆ ఇద్దరం" అని కళ్లు తుడుచుకుని టీవీ కట్టేస్తే మనం అద్దంలో ముందువైపే చూసుకున్నట్టు. ఒక్కోసారి మనమే హోటల్ గుమాస్తాలం.

మన ఇళ్లల్లో అల్మారీ అంటే అసలు అర్థం ఏమిటో ఆలోచించండి. జహేజ్. షాదీకి రెండు రోజుల ముందు ట్రాలీ ఆటోలో పలంగ్, పెట్టె, బిందెలు, వాటి పైన తాళ్లతో కట్టిన అద్దాల బీరువా. దారిన పోయేవాళ్లు చూసి ఎంత ఇచ్చారో లెక్కేసుకుంటారు. నాలుగేళ్లకో ఆరేళ్లకో ఖులాయో తలాకో అయి, అదే బీరువా అదే రకం ఆటోలో వెనక్కి వస్తుంది. ఈసారి పక్కన పిల్ల కూర్చుని ఉంటుంది, ఒళ్లో చంటిది. మైకేలో అందరి మొహాలూ చూడాలి. అమ్మాయి సంగతి ఎవరూ మొదట అడగరు. "ఈ బీరువా ఎక్కడ పెడదాం? భాయీ భాభీ గదిలో చోటు లేదు, హాల్లో పెడితే వచ్చినవాళ్లు అడుగుతారు." ఒక ఇంట్లో ఈ మాటలు నా చెవులారా విన్నాను. ఎవరూ అరవలేదు, ఎవరూ తిట్టలేదు. ఎంతో తమీజ్‌గా అన్నారు. ఆ బీరువా చివరికి మెట్ల కింద, వానజల్లు కొట్టే చోట పెట్టారు. పిల్ల అంతకన్నా మంచి చోట ఏం లేదు.

పోలెండ్ కుర్రాడు 1958లో అల్మారీ పెట్టింది వేరే ఏదో ఊహించి. అతనికి జహేజ్ తెలీదు, మైకే తెలీదు. అయినా ఆ సినిమా నన్ను తీసుకెళ్లి నిలబెట్టింది ఆ మెట్ల కిందే. ఇలాంటి సినిమాల్లో ఇది అర్థం, ఇది కాదు అని ముద్ర వేయకపోవడమే వాటి తాకత్. లోపల ఏముందో చూపించకపోవడం కూడా అందుకే అనుకుంటాను. ఊళ్లో ఒక్కడైనా అందులో ఏముందని అడగడు, గమనించారా?

ఇప్పుడు దాటేయలేని విషయం. పొలాన్‌స్కీ పేరు వినగానే తెలిసినవాళ్లకి ఒళ్లు జలదరిస్తుంది, జలదరించాలి కూడా. 1977లో అమెరికాలో 13 ఏళ్ల పిల్లతో లైంగిక నేరం చేసినట్టు కోర్టులో ఒప్పుకుని, శిక్ష ప్రకటించకముందే 1978లో ఆ దేశం నుంచి పారిపోయాడు. తర్వాత పెద్ద పెద్ద అవార్డులొచ్చాయి. ఆ నేరం అవార్డులతో కడుక్కుపోదు. గెటోలో పడ్డ బాధ కూడా దానికి మాఫీనామా కాదు. బాధ పడ్డవాడు బాధ పెట్టడని ఎక్కడా రాసిలేదు. ఈ సినిమాలో పిల్లిని చంపి, ఆ అమ్మాయి వెంటపడి, ఇద్దరినీ కొట్టే కుర్రాళ్ల గుంపులో ఒకడిగా వేసింది స్వయంగా పొలాన్‌స్కీనే. తన సినిమాలోని అద్దంలో ఆ అమ్మాయి వెనక కనిపించే గుంపు అతనిదే. ఇరవై ఏళ్ల తర్వాతి సంగతి తెలిసి ఇప్పుడు ఆ షాట్ చూస్తే వెన్నులో చలి పుడుతుంది.

అలాంటివాడి సినిమా ఎందుకు చూడాలని మా ఇంట్లోనే ప్రశ్న వచ్చింది, అడిగింది మా అమ్మాయి. సవాల్ ఖరా సవాలే. నా జవాబు ఆమెకి పూర్తిగా నచ్చలేదు, నచ్చకపోవడమే బాగుంది. నేనన్నది ఇంతే: మనిషిని మెచ్చుకోమనడం లేదు, గొప్ప డైరెక్టర్ అని పోస్టర్ అంటించమనడం లేదు. అది ఒక్కడి సినిమా కూడా కాదు, క్లూబాది, గోల్డ్‌బెర్గ్‌ది, కొమెదాది కూడా. చూసేటప్పుడు అతను చేసింది కూడా తెలిసి చూద్దాం, దాచిపెట్టి కాదు. మా అమ్మాయి "అబ్బా, మరి ఆ పిల్ల పేరు ఎవరైనా గుర్తుంచుకుంటారా, ఇతని పేరు మాత్రం అందరికీ తెలుసు" అంది. దానికి నా దగ్గర జవాబు లేదు.

అన్నట్టు, పోలెండ్ నుంచే ఇంకో చిన్న సినిమా ఉంది, పేరు 'టాంగో'. జ్బిగ్నియెవ్ రిబ్చిన్‌స్కీ తీశాడు. ఒకే గది. ఒక్కొక్కరూ వచ్చి తమ పని చేసుకుని పోతుంటారు, మళ్లీ వస్తారు, మళ్లీ అదే పని. అలా అలా 36 మంది అయి గది కిక్కిరిసిపోతుంది. ఒకరినొకరు తగలరు, చూసుకోరు. ఉమ్మడి కుటుంబంలో ఒకే బాత్‌రూమ్‌తో పెరిగినవాళ్లకి నవ్వూ వస్తుంది, కాస్త గుబులూ పుడుతుంది. దానికి 1983లో ఆస్కార్ వచ్చింది. ఆ రాత్రే రిబ్చిన్‌స్కీ సిగరెట్ కాల్చుకోవడానికి బయటికెళ్లి తిరిగొస్తుంటే గార్డు లోపలికి రానివ్వలేదు. గొడవై పోలీసులు పట్టుకెళ్లారు. అవార్డు తెచ్చుకున్నవాడికే తలుపు దగ్గర ఆ గతి. దీని గురించి ఇంకోసారి ఇన్షాఅల్లాహ్ రాస్తాను.

అల్మారీ సినిమా ఆఖరి ఘట్టం మీద నాకు మామూలుగా రాసేవాళ్లతో పేచీ ఉంది. దెబ్బలు తిని, అద్దం పగిలి, ఇద్దరూ మళ్లీ బీచ్‌కి వస్తారు. అక్కడ ఒక చిన్న పిల్లవాడు బుల్లి బకెట్‌తో ఇసుక ముద్దలు చేస్తుంటాడు. ఒకటి రెండు కాదు, వరసలు వరసలుగా, ఇసుకంతా అవే. ఇద్దరూ అల్మారీ మోసుకుంటూ ఆ వరసల మధ్యనుంచి నడిచి, వచ్చిన సముద్రంలోకే వెళ్లిపోతారు. ఓడిపోయారు, ఈ లోకంలో వాళ్లకి చోటు లేదని తేలింది, ఇది నిరాశ అంటారు రాసేవాళ్లు. కావచ్చు. కాని వాళ్ల పాదాల వైపు చూడండి. అంత బరువు చేతుల్లో ఉండగా, ఒళ్లంతా దెబ్బలుండగా, ఆ పిల్లవాడి ఇసుక ముద్దలు తొక్కకుండా ఎంత జాగ్రత్తగా అడుగులు వేస్తారో! పొద్దుటినుంచి ఊరంతా వాళ్లని తొక్కింది. తిరిగి వాళ్లు ఒక్క ఇసుక ముద్దని కూడా తొక్కలేదు. పోతూ పోతూ కూడా అల్మారీ వదల్లేదు. దీన్ని ఓటమి అనడానికి నాకు నోరు రావడం లేదు. పిల్లవాడు తలెత్తకుండా తన ముద్దలు తను చేసుకుంటూనే ఉంటాడు, అది కూడా బాగుంది.

1958లోనే బ్రస్సెల్స్ ప్రపంచ ప్రదర్శనలో జరిగిన ప్రయోగాత్మక సినిమాల పోటీలో దీనికి కాంస్య పతకం వచ్చింది. అక్కణ్నుంచే పొలాన్‌స్కీ పేరు బయటి దేశాలకి తెలిసింది.

ఇంట్లో చూడాలనుకునేవాళ్లకి రెండు మాటలు. ఇషా తర్వాత పావుగంట చాలు. అసభ్యత ఏమీ లేదు. పిల్లికూన ఘట్టం, వాగు పక్కన హత్య మాత్రం చిన్నపిల్లలకి గట్టిగా తగులుతాయి, పన్నెండు దాటినవాళ్లతో చూస్తే మేలు. ముందే అర్థం చెప్పేయకండి. మా ఇంట్లో అయిపోగానే మొదట మాట్లాడింది మా అమ్మీ. "ఆ అల్మారీ బాగా బరువున్నట్టుంది, పాపం, ఎవరైనా ఒక పక్క పట్టుకోవచ్చు కదా" అంది.